మూడో పేరు

మా బావ ముంచేవాళ్ల మనిషి, మేము చల్లేవాళ్లం. క్రైస్తవుల్లో ఈ తేడా తెలియనివాళ్లకు చెప్పాలంటే, మా గుడిలో బిడ్డ ఒడిలో ఉండగానే పాస్టరుగారు నుదుటి మీద నాలుగు చుక్కల నీళ్లు చల్లి బాప్తిస్మం ఇచ్చేస్తారు. బావ వాళ్ల వైపు అలా కుదరదు. మనిషి పెద్దయ్యాక తనకు తానుగా ఒప్పుకుని, నీళ్లలో నిలువునా మునిగి లేవాలి. అక్క పెళ్లప్పుడు లాలాగూడ రైల్వే క్వార్టర్లో రెండు వైపుల పెద్దలూ దీని మీద పేచీకి దిగితే బావే నవ్వి తేల్చేశాడు. "పిల్లకు తలస్నానం సగమే అయింది. మిగతా సగం నేను చేయిస్తాలెండి" అన్నాడు. ఆ తర్వాత ఇంటికి ఎవరొచ్చినా అదే హాస్యం. అక్క మూతి తిప్పుకునేది, ఆయన నవ్వేవాడు. వాళ్ల కాపురమంతా అలాగే గడిచింది.

బావ పోయాక ఆ హాస్యం అక్కను పట్టుకుంది.

చిలకలగూడలో ఒక అద్దె హాలులో శుక్రవారం ప్రార్థనలు జరుగుతాయి. పగలంతా ఇంట్లో ఒక్కదానివీ ఏం కూర్చుంటావని పక్కింటావిడ తీసుకుపోతే అక్క అక్కడికి వెళ్లడం మొదలుపెట్టింది. ప్రార్థన నడిపే ఆయనను అందరూ బ్రదర్ అంటారు. నడివయసు మనిషి, తెల్లచొక్కా, మెత్తటి గొంతు. నాకు అరిచేవాళ్లంటే లెక్కలేదు. రైల్వే ఆఫీసులో నా ఉద్యోగమంతా అరుపుల మధ్యే అయింది, నా నోరూ తక్కువది కాదు. ఇలా మెత్తగా మాట్లాడుతూ మనిషి లోపలికి దిగిపోయేవాళ్లంటేనే నాకు భయం. ఆయన ఏమన్నాడో అక్కే నాతో చెప్పింది. "సహోదరీ, చల్లిన నీళ్లు చర్మం దాకానే పోతాయి. మీ భర్తగారు మునిగి లేచినవారు. ఆయన ఉన్న చోటికి మీకు దారి లేదు" అన్నాడట.

ఆ మాట విన్న దగ్గర్నుంచి అక్కకు అన్నం సయించలేదు. బావ ఫొటో ముందు కూర్చుని గంటలు గంటలు చూసేది. చచ్చిపోవడం గురించి ఆమెకు బెంగ లేదు. చచ్చిపోయాక కూడా బావ కనపడడేమోనన్నదే బెంగ. బ్రదర్‌ను నేను నాలుగు తిడితే, "నీకు దేవుడంటే భయం లేదే" అని నా మీదే కోప్పడింది.

ఆ హాలులో మునగడానికి తొట్టి లేదు. ఉన్నా, పారే నీళ్లే మేలని బ్రదర్ అభిప్రాయం. అక్క కొడుకుకు బ్రదర్ పేరెత్తితేనే ఒళ్లు మంట, తెలిస్తే కాలు బయట పెట్టనివ్వడు. అందుకని హాలు ఆడవాళ్లంతా కలిసి ఒక ఉపాయం పన్నారు. ఊళ్లో ఎవరో ఒకరోజు టూరు నడుపుతున్నారు. పొద్దున కంటోన్మెంటులో తెల్లవాళ్ల కాలపు బంగళాలు, గుళ్లు, సమాధులు చూపిస్తారు. మధ్యాహ్నం ఊరికి దూరంగా గుట్టల్లో వాగు తొలిచిన గుండాలకు తీసుకుపోయి ఈత కొట్టిస్తారు. గైడు, వ్యాను, భోజనం అన్నీ వాళ్లవే. ఇంట్లో పిక్నిక్ అని చెప్పొచ్చు, గుండంలో పని కానివ్వొచ్చు.

ముందురోజు అక్క నన్ను పిలిచి బ్యాగు జిప్పు తీసి చూపించింది. అడుగున టవలు, దాని మీద ఒక కొత్త తెల్లచీర.

"అక్కా, నీళ్లంటే నీకు పానం పోతది కదా" అన్నాను. అతిశయోక్తి కాదు. బకెట్లో నీళ్లు కూడా చెంబుతో భుజం మీద పోసుకుంటుంది గానీ ఒక్కసారి తల మీద గుమ్మరించుకోదు. చిన్నప్పుడు బాపట్ల సముద్రానికి పోతే మేమంతా అలల్లో ఆడుతుంటే తను ఒడ్డున కూర్చుని అందరి చెప్పులకూ కాపలా కాసేది.

"పోతే పోతది. ఒక్క నిమిషం కదనే" అంది.

"బీపీ మనిషివి. ఆ నీళ్లలో ఏమన్నా అయితే?"

"నువ్వొస్తే తోడుంటవ్. రాకుంటే నేనొక్కదాన్నే పోత" అంది. జిప్పు వేసేసి, ఇంక మాట్లాడేదేం లేదన్నట్టు కాఫీ పెట్టడానికి లేచింది.

నేను పక్కనుంటే ఏమీ కానివ్వననుకున్నాను. ఆ ధైర్యం ఎక్కడిదో ఇప్పుడు తలచుకుంటే నాకే తెలియదు. నాకూ ఈత రాదు.

వ్యాను బయల్దేరే ముందు బ్రదర్ ప్రయాణం కోసం ప్రార్థన చేశాడు. డ్రైవరు ఇంజన్ ఆన్ చేసి ఆఫ్ చేసి మళ్లీ ఆన్ చేశాడు, ప్రార్థన మాత్రం అవలేదు. నాకు కళ్లు మూసుకుని ప్రార్థన చేయడం చిన్నప్పటి నుంచీ చేతకాదు. సండే స్కూల్లో టీచరమ్మ తొడపాశం పెట్టినా మళ్లీ తెరిచేదాన్ని. ఆ రోజు కూడా తెరుచుకునే ఉన్నాను. ఆడవాళ్లంతా కళ్లు గట్టిగా మూసుకుని రెండు చేతులూ పైకెత్తి ఊగుతున్నారు. వాళ్ల హాలులో అదే పద్ధతి, ఆత్మ వస్తే చేతులు లేస్తాయి. వాళ్ల మధ్య మా అక్క ఒక్కతే తల వంచుకుని, వేళ్లు వేళ్లలో ముడేసుకుని, ఛాతీకి ఆనించుకుని కూర్చుంది. మా అమ్మ నేర్పిన తీరు అది. మా గుడిలో ఎవరూ చేతులెత్తరు. ఎంత మంది బ్రదర్లు ఊదరగొట్టినా ఆ ముడి మాత్రం ఊడలేదని నాకు లోపల్లోపల సంతోషం వేసింది.

గైడు మౌలాలి మనిషి. ముప్పై దాటి ఉంటాయి, చలాకీగా ఉన్నాడు. మేము పుట్టి పెరిగిన సికింద్రాబాద్‌ను మాకే చూపించడానికి నానా తంటాలు పడ్డాడు. పరేడ్ గ్రౌండ్ ముందు వ్యాను ఆపి, "ఇక్కడ అంగ్రేజోళ్ల ఫౌజు కవాతు జేసేదమ్మా" అంటే, మా నాన్న సైకిలు నేర్పిన చోటు ఇదేనని నేనన్నాను. పాపం నవ్వి ఊరుకున్నాడు. పెంకుల బంగళాలు చూశాం. రాతి గుడి చూశాం. లోపల గోడల నిండా చచ్చిపోయిన సోల్జర్ల పేర్లు చెక్కిన పాలరాతి పలకలు. రోజూ ఆటోలో ఆ గోడ పక్క నుంచే పోతాను. లోపల ఇంతమంది చచ్చినవాళ్లు వరసగా ఎక్కి కూర్చున్నారని ఏనాడూ తెలియదు.

తర్వాత పాత సమాధుల తోట. గడ్డి మోకాళ్ల దాకా పెరిగి ఉంది. రాళ్లు సగం భూమిలోకి కుంగి, సగం ఒరిగి ఉన్నాయి. ఎక్కువమంది చిన్నవాళ్లే. జ్వరాలు, కలరా, కాన్పులు. గైడు ఒక్కో రాయి దగ్గరా ఆగి వాళ్లు ఎలా పోయారో చెబుతుంటే, బ్రదర్ వెనకాల చేతులు కట్టుకుని వింటున్నాడు. అక్క ఒక జంట సమాధి దగ్గర నిలబడిపోయింది. మొగుడూ పెళ్లాల పేర్లు ఒకే రాతి మీద ఉన్నాయి.

"బాబూ, వీళ్లు మునిగినోళ్లా, చల్లించుకున్నోళ్లా?" అని అడిగింది.

గైడుకు ఏం అర్థమవుతుంది? "ఆయన చెర్వుల మునిగే సచ్చిండమ్మా. ఈతకు పోయిండంట. ఆమె తర్వాత చానా ఏండ్లకు పోయింది" అన్నాడు.

ఎవరూ నవ్వలేదు. అక్క ఆ రాతి మీద చేయి వేసి, "అయినా ఇద్దరిని ఒక్కతాన్నే పెట్టిండ్రు" అంది. ఇంక చాలు, వ్యానెక్కుదాం పదమని కసిరాను.

గుట్టల దగ్గరికి చేరేసరికి మబ్బు పట్టింది. వాన లేదు గానీ గాలి ఆగిపోయి ఉక్కపోస్తోంది. వ్యాను దిగి బండల మీదుగా కొంతదూరం నడవాలి. పైనుంచి వాగు ఒక గుండంలోంచి ఇంకో గుండంలోకి దిగుతూ వస్తుంది. మొదటిది చీలమండ లోతు, పిల్లలు ఆడుకునేది. రెండోది నడుము లోతు, వెడల్పుగా ఉంది. దాని అవతలి అంచున ఒక నల్లబండ సగం నీళ్లలో, సగం బయట ఎనుము పడుకున్నట్టు ఉంది. టూరువాళ్లు చూపించిన ఫొటోల్లో నీళ్లు పచ్చగా, అడుగున రాళ్లు కనపడేలా ఉన్నాయి. ఆ రోజు మాత్రం చిక్కటి టీ రంగులో ఉన్నాయి, వేలు ముంచితే వేలు కనపడలేదు.

గైడు మొహం కొంచెం మారింది. "నిన్న మీద యాడనో వాన పడ్డట్టుంది. నీళ్లు ఎర్రగొస్తున్నయ్. అందరు జెర ఇనుండ్రి. జాకెట్ లేకుండ ఎవ్వరు దిగొద్దు. ఆ నల్లబండ దిక్కు అసలే పోవద్దు. దాని కింద ఎంత లోతుందో ఎవ్వలికి ఎర్కలేదు" అన్నాడు. నారింజ రంగు లైఫ్ జాకెట్లు తలా ఒకటి ఇచ్చాడు. అక్క జాకెట్ బెల్టులు తనే బిగించి, "పరేషాన్ గావొద్దమ్మా, దీంతోని మునుగుదామన్నా మునగరు" అన్నాడు.

అక్కకు కావలసింది సరిగ్గా ఆ మునగడమే. ఆడవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

కాసేపు మొదటి గుండంలో కాళ్లు తడుపుకున్నారు. తర్వాత ఒకావిడ ఆకలేస్తోందని గైడును భోజనాలు తెమ్మంది. వ్యాను దగ్గర్నుంచి క్యారియర్లన్నీ ఒక్కడే మోయలేడని డ్రైవరునూ పిలుచుకోమని చెప్పింది ఇంకొకావిడ. కావాలనే పంపించేస్తున్నారని నాకు తెలుస్తూనే ఉంది. ఆ పని బయటివాళ్ల ముందు చేయరు. గైడు వెళ్తూ వెళ్తూ రెండుసార్లు వెనక్కి చూశాడు.

అతను బండ మలుపు తిరగగానే అక్క జాకెట్ విప్పేసింది. చెట్టు చాటున తెల్లచీర కట్టుకొచ్చింది. నేను అడ్డం నిలబడ్డాను.

"అక్కా, ఇయ్యాల వద్దు. నీళ్లు చూడు ఎట్లున్నయో. ఇంకోసారి వద్దాం."

"ఇంకోసారికి నేనుంటనో లేదో" అంది. వణుకుతోంది. పళ్లు టకటకలాడుతున్నాయి. నా చెంప మీద చేయి పెట్టి, "మీ బావ కాడికే కదనే పోయేది" అని నన్ను పక్కకు తప్పించింది. ఆ చేయి మంచుగడ్డలా ఉంది. నేను తప్పుకున్నాను.

బ్రదర్ అప్పటికే నడుము లోతులో నిలబడి ఉన్నాడు. అటు నీళ్లు ప్రశాంతంగా ఉన్నాయని నల్లబండ వైపు ఇంకొంచెం జరిగాడు. "బ్రదర్, బండ దగ్గరికి పోవద్దన్నాడు గదా!" అని అరిచాను. ఆయన నా వైపు చూసి చిరునవ్వు నవ్వాడు. "ప్రార్థించుకుందాం" అన్నాడు. అంతే, ఒడ్డున అందరి కళ్లూ ఒక్కసారిగా మూతపడ్డాయి.

ఆయన ఒక చేత్తో అక్క మెడ వెనక, ఇంకో చేత్తో ఆమె ముడేసుకున్న చేతులు పట్టుకున్నాడు. ఇలాంటప్పుడు మూడు పేర్లు పలకాలి. తండ్రి, కుమారుడు, పరిశుద్ధాత్మ. పలికి వెనక్కి వాల్చి ముంచుతారు. తండ్రి పేరు నాకు స్పష్టంగా వినపడింది. రెండో పేరు సగం వినపడిందో లేదో, ఒడ్డున ఒకావిడ ఆత్రం ఆపుకోలేక పాట ఎత్తుకుంది, మిగతావాళ్లు చప్పట్లతో అందుకున్నారు. గుట్టలు మోగిపోయాయి. అక్క వెనక్కి వాలింది. బ్రదర్ కాలు పాచి మీద జారింది. ఇద్దరూ మునిగారు. ఆయన లేచాడు. చేతుల్లో అక్క లేదు.

నీళ్ల మీద ఏమీ లేదు. పాట సాగుతూనే ఉంది. ఒక చరణం అయిపోయిందేమో అనిపించింది గానీ అంతసేపు అయి ఉండదు.

తర్వాత నల్లబండ పక్కన రెండు చేతులు పైకి లేచాయి. వేళ్లు విప్పారి, మోచేతుల దాకా, తిన్నగా ఆకాశంలోకి. పాడుతున్నవాళ్లలో ఒకావిడ ఆ క్షణాన కళ్లు తెరిచింది, ఆ చేతులు చూసింది. చూసి, ఆనందంతో ఏడ్చేస్తూ, "ఆత్మ దిగింది! సహోదరి చేతులెత్తింది!" అని కేకేసి మళ్లీ కళ్లు మూసుకుంది. ఒడ్డున చేతులన్నీ ఇంకా పైకి లేచాయి.

మా అక్క చేతులెత్తే మనిషి కాదు.

నేను గొంతు చించుకుని అరిచాను. మాట రాలేదు, ఉత్త అరుపే వచ్చింది. నా పక్కనున్నావిడ నా భుజం పట్టుకుని, "స్తోత్రం, స్తోత్రం, నీకు కూడా వచ్చిందమ్మా" అంది. ఆమెను తోసేశాను. ఆమె కింద పడి కూడా పాడుతూనే ఉంది. బ్రదర్ గుండం మధ్యలో నోరు తెరుచుకుని నిలబడిపోయాడు, ఒక్క అడుగు కదలలేదు. చేతులు ఒకసారి మునిగి మళ్లీ లేచాయి. ఈసారి మణికట్ల దాకానే లేచాయి.

గైడు క్యారియర్లతో బండ మలుపు తిరిగాడు. అతనికి మా పాటలు తెలియవు, మా స్తోత్రాలు తెలియవు, ఎవరి మీదికి ఏం దిగుతుందో తెలియదు. నీళ్లలో లేచిన రెండు చేతులకు అతనికి తెలిసిన అర్థం ఒక్కటే. క్యారియర్లు వదిలేసి బూట్లతోనే దూకాడు.

అక్కను ఒడ్డుకు లాగి, బోర్లా తిప్పి, వీపు మీద కొడుతుంటే ఎర్రనీళ్లు కక్కింది. కక్కి, దగ్గి, శ్వాస తీసింది. అప్పటికి పాట ఆగింది. సాంబారన్నం బండల మీద ఒలికి ఉంది. "జాకెట్ ఎవరు తియ్యమన్నరమ్మా? చెప్పిన గదా, చెప్పిన గదా" అని గైడు ఏడుపు గొంతుతో అంటూనే ఉన్నాడు. బ్రదర్ దగ్గరికొచ్చి ప్రభువు కాపాడాడన్నాడు. నేను ఆయనను ఏమేం తిట్టానో ఇక్కడ రాయలేను. నాకు అన్ని తిట్లు వచ్చని నాకే అప్పటిదాకా తెలియదు.

దారిలో ఆసుపత్రి కనపడితే ఆపి చూపించాం. ఊపిరితిత్తులు బాగానే ఉన్నాయి, బీపీ మాత్రం చాలా ఎక్కువగా ఉంది, మాత్రలు ఒక్కపూట కూడా మానొద్దని డాక్టరు గట్టిగా చెప్పాడు. మళ్లీ వ్యానెక్కాం. అక్క టవలు కప్పుకుని నా భుజం మీద తల ఆనించింది. ఉన్నట్టుండి తలెత్తి అడిగింది.

"బ్రదర్, మూడు పేర్లు అయినయా?"

ముందు సీట్లోంచి ఆయన వెనక్కి తిరగకుండానే జవాబిచ్చాడు. "ఎంతవరకు పలికానో నాకు జ్ఞాపకం లేదు, సహోదరీ." ఆ మెత్తటి గొంతు మొదటిసారి బొంగురుపోయింది. ఆయన తన స్టాపులో దిగి ఎవరి వైపూ చూడకుండా వెళ్లిపోయాడు. ఆ తర్వాత హాలుకు కూడా రావడం లేదని విన్నాను.

అక్క ఒక్కొక్కరినీ అడిగింది. అందరూ పాడుతున్నామనే చెప్పారు. చివరికి నా వైపు తిరిగింది.

"నువ్వు కండ్లు మూసుకోవు కదా. చూసినవ్ కదా. నా తల పూర్తిగ మునిగిందా?"

"మునిగింది. ఒక్క వెంట్రుక కూడా కనపడలే."

"మూడో పేరు ఇన్నవా?"

ఆమె మొహం చూశాను. లేదంటే ఈ మనిషి మళ్లీ ఆ నీళ్లలోకే పోతుంది. "ఇన్న. మూడూ ఇన్న" అన్నాను.

అక్క నిట్టూర్చి కళ్లు మూసుకుంది. ఇల్లు చేరేదాకా నిద్రపోయింది. ఆ అబద్ధం చెప్పినందుకు నాకు ఇప్పటికీ బాధ లేదు.

ఆ తర్వాత అక్క మళ్లీ మామూలు మనిషయింది. కాదు, మామూలు కంటే బాగయింది. అన్నం తింది, నవ్వింది. బావ ఫొటో తుడుస్తూ, "ఇగో, నా తలస్నానం పూర్తయింది. ఇప్పుడేమంటవ్?" అని ఎకసెక్కాలాడింది. గండం గడిచి పిండం బయటపడిందనుకున్నాను.

తర్వాత ఒకరోజు ఫోన్ చేసి బావ చేతి గడియారం నా కొడుకుకు ఇస్తానంది. ఇంకోరోజు కుట్టుమిషను పక్కింటావిడకు ఇచ్చేసింది. పెళ్లినాటి పట్టుచీర కోడలికిచ్చి, "నాకెందుకే ఇంక" అంది. వంటింట్లో ఒకసారి తల తిరిగి పడిందని కోడలు చెబితే పరుగెత్తుకుంటూ పోయాను. మందుల డబ్బా తీస్తే బీపీ మాత్రల అట్టలు కొన్నవి కొన్నట్టే ఉన్నాయి. ఒక్క గోళీ కూడా తీయలేదు.

"ఇదేందక్కా?"

"ఇంక ఎందుకే అవి?" అంది తాపీగా. "దారి దొరికింది కదా. ఎప్పుడైతే అప్పుడాయె." సామాను సర్దుకుని, టికెట్టు జేబులో పెట్టుకుని, సికింద్రాబాద్ స్టేషన్‌లో బండి కోసం కూర్చున్న మనిషిలా కూర్చుంది. మొహంలో ఎక్కడా భయం లేదు. ఆ భయాన్ని తీసేసింది నేనే.

ముందు నుయ్యి, వెనక గొయ్యి అంటారు. ఎప్పుడూ ఊరికే అనే మాటే గానీ, ఆ మధ్యలో నిలబడితే ఎలా ఉంటుందో ఆ మధ్యాహ్నం తెలిసింది. కొడుకుకు చెప్పి బలవంతాన మింగిద్దామా అంటే, నాలుక కింద పెట్టుకుని ఊసేసే రకం మా అక్క. డాక్టరు మాట ఆమెకు లెక్కలేదు. ఆమెను ఈ ఇంట్లో, ఈ కుర్చీలో, ఈ గాలి పీల్చుకుంటూ ఉంచగలిగేది ఆ పాత భయమొక్కటే. దాన్ని చేతులారా మళ్లీ ఆమె గుండెలో పెట్టాలి.

"అక్కా" అన్నాను. నా గొంతు నాకే బ్రదర్ గొంతులా మెత్తగా వినపడి అసహ్యం వేసింది. "ఆ రోజు ఆళ్ల పాట గోలల... మూడో పేరు నాకు సరిగ్గ ఇనపడలేదేమో అనిపిస్తుందే."

బయట రైల్వే వర్క్‌షాపు సైరన్ మోగింది, ఆగిపోయింది. ఆమె వేళ్లు ఒళ్లో నెమ్మదిగా ముడిపడ్డాయి. మొహంలోకి పాత బెంగ మళ్లీ వచ్చి కూర్చోవడం నా కళ్లతో చూశాను.

అక్క లేచి నా చేతిలో అట్ట తీసుకుంది. ఒక గోళీ తీసి నోట్లో వేసుకుని, గ్లాసు నీళ్లు తాగింది. నా ప్రాణం కుదుటపడింది. గ్లాసు ఇంకా చేతిలోనే ఉండగా నా వైపు చూసి అంది:

"ఆ గుండాల టూరు మళ్ల ఎప్పుడున్నదో జెర కనుక్కో."